పరిగె చెయ్యి

అక్టోబర్ 21, సోమవారం

మా కరస్పాండెంట్ రాఘవేంద్ర సార్ ఈ రోజు స్టాఫ్ మీటింగులో బల్ల గుద్ది చెప్పాడు. జిల్లా సైన్సు పోటీలకు మన బడి నుంచి ఒక షార్ట్ ఫిల్మ్ పోవాలట. పేరు కూడా ఆయనే పెట్టేశాడు, "యుద్ధం నేర్పిన తెలివి". యుద్ధాల్లో మనిషి కనిపెట్టిన వస్తువులు, పన్నిన ఉపాయాలు, అన్నీ గొప్పగా చూపించాలట. ఆలు లేదు చూలు లేదు కొడుకు పేరు సోమలింగం. ఎవరు తీస్తారు, దేంతో తీస్తారు అనేసరికి అందరూ నా వైపు తిరిగారు. ఫిజిక్స్ చెప్పేది నేను. సైన్యంలో పనిచేసి వచ్చిన మొగుడు ఉన్నదీ నాకే.

"వనజాక్షి మేడమ్‌కు ఏం కొదవప్పా, యుద్ధం ఇంట్లోనే ఉండాది" అన్నాడు లెక్కల సార్. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఇంటికొచ్చి బియ్యం కడుగుతూ ఆ లెక్కల సార్‌ను తిట్టినన్ని తిట్లు ఈ డైరీలో పట్టవు.

ఒప్పుకున్నాను. సార్ కోసం కాదు, బడి కోసం కాదు. మా ఆయన కోసం. ఇది ఇక్కడ రాసి పెట్టుకోకపోతే రేపు నాకు నేనే ఇంకేదో చెప్పుకుంటాను.

ఇదే మనిషి, సెలవుకు వచ్చాడంటే ఊరు ఊరంతా మా వాకిట్లో ఉండేది. మంచులో మిలిట్రీ లారీ ఎట్లా తోశారో, పంజాబు వాళ్లకు మన సంగటి ఎట్లా తినిపించాడో చెబుతుంటే మా అత్త సుంకమ్మ నవ్వలేక పొట్ట పట్టుకునేది. తోటి సైనికుడు తిప్పేష్ చనిపోయిన పేలుడులో ఈయనకు ఎడమ చెవి పోయింది. ఇంటికి పంపేశారు. ఏడాది దాటింది. అడిగితే "ఊ", అడగకపోతే అదీ లేదు. చెవి ఒక్కటే పోయిందని డాక్టరు చెప్పాడు. మాటకు ఏమైందో ఆ డాక్టరుకు తెలియదు.

సెలవుల్లో చెప్పే ఆ పరిగె కథ కెమెరా ముందు ఒక్కసారి చెప్పాడంటే చాలు, నా ఓబుళేసు నాకు తిరిగొస్తాడు. నాకు గట్టి నమ్మకం.

అక్టోబర్ 24

పిల్లలతో కూర్చుని ఏమేం పెట్టాలో చూశాము. రాడార్ దగ్గర నిలబడిన ఇంజినీరు జేబులో చాక్లెట్ కరిగిందట, దాంట్లోంచి మైక్రోవేవ్ ఓవెన్ పుట్టింది. సైన్యానికి తిండి చెడిపోకుండా పంపాలని డబ్బాలో నిలవ చేయడం నేర్చారు. శత్రువును మోసం చేయడానికి గాలి ఊదిన రబ్బరు ట్యాంకులు నిలబెట్టారు. ఇది విని పిల్లలు ఎగిరి గంతేశారు. ట్రాక్టరు ట్యూబులు తెచ్చి మనమూ ఒక ట్యాంకు చేద్దామన్నారు. దెబ్బలకు కట్టే మెత్తటి పట్టీని ఆసుపత్రి నర్సులు నెలసరికి వాడుకున్నారు, ఇప్పుడు మనం కొనుక్కునే ప్యాడ్లు అట్లా వచ్చాయి. ఇది పెడదామని తొమ్మిదో తరగతి లహరి అడిగింది. గొంతు దానిదే, సినిమా మొత్తం అదే చదువుతుంది. రాఘవేంద్ర సార్ "అది వద్దులే పాపా" అని తల గోక్కున్నాడు. యుద్ధంలో తల తెగినా చూపించవచ్చు, ఇది మాత్రం వద్దు.

చివరి ముక్క మన ఊరిది. పిల్లల కోసం ఇట్లా రాశాను:

"వేరుశనగ కట్టె పీకిన తర్వాత కొన్ని కాయలు నేలలోనే తెగి ఉండిపోతాయి. వాటిని ఏరుకోవడం పరిగె. చేను ఎవరిదైనా సరే, పంట ఎత్తాక పరిగె ఏరేవాళ్లను కాదనకూడదు. అది మన సీమ ధర్మం. అరిగిన కొడవలి కొనతో నేలను ఏటవాలుగా పొడిచి, లోపల కాయ తగిలిందా, రాయి తగిలిందా అనేది చేతితోనే తెలుసుకుంటారు. ఈ విద్య చిన్నప్పుడే నేర్చిన మన సైనికుడు ఓబుళేసు, సరిహద్దులో పాతిపెట్టిన మందుపాతరలు వెతకడానికి దీన్నే వాడాడు. ప్లాస్టిక్ మందుపాతరలను యంత్రం పట్టలేదు, చెయ్యి పడుతుంది. తోటి సైనికులకు నేర్పడానికి ఆయన మట్టిలో వేరుశనగ కాయలు పూడ్చి ఆట పెట్టాడు. దొరికింది దొరికినవాడికే."

చదివి నేనే మురిసిపోయాను.

అక్టోబర్ 27, ఆదివారం

ఆయన్ని అడిగాను.

"నేను అగుపడను" అన్నాడు.

"ఒక్క నిమిషం. నువ్వు చెప్పే కథే కదా?"

"కథలు మరిచినా."

"నాకు తెలుసు కదా, నేను అందిస్తా."

"అయితే నువ్వే చెప్పుకో" అని లేచి పోయాడు. ఎడమ వైపు నుంచి ఇంకేదో అన్నాను, వినబడలేదు. వినబడకపోవడమే మంచిదైంది.

మా అత్త పొయ్యి దగ్గర నుంచి "యాల వాణ్ణి కెలుకుతావు వనజా, పుండు మింద ఈగ మాదిరి" అంది. ఈగట నేను.

అక్టోబర్ 31

దీపావళి. తలుపులన్నీ వేసుకున్నాము. టపాసులు కాల్చడానికి వచ్చిన పక్కింటి పిల్లలకు "మాకు మైల, పోండి నాయనా" అని అత్త అబద్ధం చెప్పింది. ఎవరు చచ్చారని వాళ్లు అడగలేదు.

నవంబర్ 6

మా చేలో వేరుశనగ కట్టె పీకడం అయిపోయింది. వానలు పూత మీద మొహం చాటేసి కాయ గట్టిపడ్డాక వచ్చాయి. ఏదో వచ్చింది, మేకలకు మేతైనా మిగిలింది. వామి వేశారు.

నవంబర్ 9, శనివారం



పొద్దున పరిగె ఏరడానికి ఆడవాళ్లు వచ్చారు. ఎప్పుడూ వచ్చేవాళ్లే. కొంగులు దోపుకుని చేలోకి దిగారు. ఆయన గట్టు మీద కూర్చుని ఉన్నాడు. నేను బడికి బయలుదేరుతూ చెయ్యి ఊపాను. కాసేపటికి కేక వినబడింది. ఏడాదిగా ఆయన గొంతు ఎత్తింది లేదు, అందుకని మొదట ఎవరో అనుకున్నాను.

"లేయండి! చేతులు తీయండి! పోండి ఈన్నుంచి!"

పరిగెత్తి పోయాను. చేతిలో కట్టె. మొహంలో నెత్తురు లేదు. ఆడవాళ్లు కొడవళ్లు పట్టుకుని బిక్కచచ్చి నిలబడ్డారు. వాళ్లలో పెద్దామె "ఏమప్పా ఓబుళేసూ, మేమేం దొంగలమా? కాయ పోతాదని పరిగోళ్లను తరుముతావా? మీయమ్మ యాడ ఏరిందో మరిచినావా?" అంది.

ఆయన కట్టె అట్లాగే ఎత్తి పట్టుకున్నాడు. వాళ్లు మన్ను ఎత్తి మా చేలోనే పోసి పోయారు. అది ఎంత పెద్ద తిట్టో ఈ నేలమీద పుట్టినవాళ్లకు తెలుస్తుంది.

అత్త ఏడ్చింది. "సెంటు భూమి లేనప్పుడు ఊరోళ్ల చేలల్లో పరిగె ఏరి సాకినా కదరా నిన్ను. ఒక్కరు కాదన్లేదు కదరా" అని గుండెలు బాదుకుంది. ఆయన కాళ్లు కడుక్కుని లోపలికి పోయాడు.

నాకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. నిజం చెప్పాలంటే సిగ్గు. రేపటి నుంచి ఈ ఊళ్లో నేను తలెత్తుకుని బస్సు ఎక్కాలి కదా.

నవంబర్ 10

కొళాయి దగ్గర ఒక్కరూ నాతో మాట్లాడలేదు. "మిలిట్రీ దుడ్లు చూసి కండ్లు నెత్తికెక్కినాయి" అని నాకు వినబడేలాగే అన్నారు.

నవంబర్ 12

ఆయన పొద్దున్నే చేలోకి పోయి పొద్దు గూకినాక వచ్చాడు. మోచేతులు దోక్కుపోయి ఉన్నాయి. ఏం చేశావంటే "పని" అన్నాడు.

నవంబర్ 13

బడికి సెలవు పెట్టి వెనకాలే పోయాను. కంది సాలులో దాక్కుని చూశాను. కట్టుకున్న పెళ్లాన్ని, దొంగలాగా.

బోర్లా పడుకున్నాడు. చేతిలో సన్నటి ఇనుప పుల్ల. ముందున్న నేలను ఏటవాలుగా పొడుస్తాడు, ఆగుతాడు, వేలెడు పక్కన పొడుస్తాడు. పుల్లకు ఏదో తగిలితే చెయ్యి బిగుసుకుంటుంది. అట్లాగే చాలాసేపు ఉండిపోతాడు. తర్వాత పుల్ల మెల్లగా వెనక్కి తీసి, డబ్బాలోంచి చిటికెడు సున్నం అక్కడ వేసి పక్కకు జరుగుతాడు. కాయ మాత్రం తీయడు. తీస్తే పోయేదేముంది, మన కాయే కదా.

మెడ నొప్పి పుట్టేదాకా చూశాను. చేను మీద తెల్లటి చుక్కలు, బడి ముందర ముగ్గుకు పెట్టినట్టు.

ఎంత బాగుందో. ఈ మాట రాయడానికి సిగ్గుగానే ఉంది, కానీ బాగుంది. ఫోన్ తీసి వీడియో తీశాను. ఆయన సాధన చేస్తున్నాడు. కెమెరా ముందు చేయనన్నాడు గానీ మనసులో ఉంది, అందుకే చేస్తున్నాడు. చెప్పకుండా తీయడం తప్పేమీ కాదు. చేను మాదే, మొగుడూ నా మొగుడే.

నవంబర్ 15

రాఘవేంద్ర సార్ వీడియో చూసి కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. "మేడమ్, స్టేట్ పోతాది ఇది!" అన్నాడు. బోర్లా పడుకుని నేలను తడిమే చెయ్యి, సున్నం చుక్కలు, వాటి మీద లహరి గొంతు పెడదామన్నాడు. ఆయనకు కళ్లు చెమర్చాయి. అంత పెద్ద మనిషి.

"ఆ పేలుడులో చనిపోయిన జవాను కూడా మన పక్కనోడే కదా మేడమ్?"

"అవును సార్, గుమ్మఘట్ట దగ్గర. తిప్పేష్ అని. వాళ్లమ్మ లక్ష్మీదేవి ఉండాది."

"ఆయమ్మను పిలుద్దాం. బళ్లో సినిమా మొదట వేసే రోజు శాలువా కప్పుదాం."

మా ఆయన ఫోన్‌లోంచి నంబరు తీసుకుని చేశాను. కన్నడం కలిసిన గొంతు. మొదట అడిగిన మాట "ఓబుళేసు అన్నం తింటాండాడా?" అని. తింటున్నాడన్నాను. సినిమా సంగతి చివరిదాకా వినింది. తర్వాత "మా వాని పేరు వస్తాదా తల్లీ దాంట్లో?" అంది. వస్తుందన్నాను. "అయితే వస్తా. డిసెంబర్ ఒకటినా? బస్సు ఉంటాదిలే" అంది.

ఆయనకు ఇంకా చెప్పలేదు. ఆమెను చూస్తే సంతోషిస్తాడు.

నవంబర్ 18

లహరి చివరి మాటలు చదివింది: "పొలంలో నేర్చిన చిన్న ఉపాయం వందల ప్రాణాలు కాపాడింది. యుద్ధం మనిషి తెలివికి సాన పెడుతుంది." ఏ తడబాటూ లేదు. పిల్ల గొంతు గంటలాగా ఉంది.

నవంబర్ 21, గురువారం

బడి ల్యాప్‌టాప్ ఇంటికి తెచ్చి సాయంత్రం వసారాలో పెట్టాను. "పిల్లలు చేసింది, చూడు" అన్నాను. చేను ముక్క ఉందని చెప్పలేదు.

చూశాడు. ట్యూబుల ట్యాంకు వచ్చినప్పుడు "గాలి తక్కువైంది దానికి" అన్నాడు. నాకు ప్రాణం లేచి వచ్చింది. ఎన్నాళ్లకు తనంతట తాను అన్న మాట! అత్త కూడా తడి చేతులతో వచ్చి నిలబడింది.

అప్పుడు చేను వచ్చింది. తన చెయ్యి తాను చూసుకున్నాడు. లహరి చదువుతోంది, మట్టిలో కాయలు పూడ్చి ఆట పెట్టాడు, దొరికింది దొరికినవాడికే. వందల ప్రాణాలు.

"ఆపు" అన్నాడు. ఆపాను.

"ఎవురు చెప్పినారు నీకు, వందల ప్రాణాలని?"

"నువ్వే కదా, సెలవుకొచ్చినప్పుడు."

"ఒక ప్రాణం సంగతి చెప్పలేదు."

అత్త కింద కూర్చుంది. ఆయన నేల చూస్తూ చెప్పాడు. నేను ఇక్కడ రాసేది ఆయన మాటలే, నావి కలపను.

"తిప్పేష్‌గానికి నేర్పే పనే ల్యా. వాళ్లమ్మతో పరిగె ఏరినోడు. కాయ ఇట్ల తగిలితే అట్ల చిమ్మేసేవాడు, మణికట్టుతో. మట్టిలోంచి ఎగిరి ఒళ్లో పడేది. తక్కినోళ్లు తడుముకుంటా ఉంటే వాడు నోట్లో ఏసుకుని నమిలేవాడు. నేను చప్పట్లు కొట్టేవాణ్ణి. మా వోణ్ణి చూడండ్రా, మా సీమోణ్ణి చూడండ్రా అని. తగిలినాక ఆగల్ల, చెయ్యెత్తల్ల, మన్ను వేళ్లతో తీయల్ల, అదీ అసలు పద్ధతి. నేను ఆట పెట్టినా. ఆటలో ఆగినోడు ఓడిపోతాడు కదా. వానికి ఆగేది ల్యాకుండా చేసినా."

వేలితో నేల మీద ఒక గీత గీశాడు.

"ఆ పొద్దు వాన పడి నిలిచింది. అలిసిపోయినాం, ఆకలి. వాడు నా ముందర ఉన్నాడు. పుల్ల తగిలింది. తగిలిందని నాకు వాని భుజం చూస్తే తెలిసింది. ఆపురా అనల్లనుకుంటి. నోరు తెరిచేలోపల వాని మణికట్టు తిరిగింది."

అత్త కొంగు నోట్లో కుక్కుకుంది.

"మరి చేలో ఏం చేస్తాండావు?" అన్నాను. ఇంకేం అడగాలో తెలియక.

"తగిలినా చిమ్మకుండా ఉండేది నేర్చుకుంటాండా. ఈడ ఏం ల్యావని నాకు తెలుసు. చేతికి తెలీదు. ఒక్క కాయ కూడా చిమ్మకుండా ఈ గట్టు నుంచి ఆ గట్టుకు పోవల్ల. ఇంగా రాలేదు."

"పరిగె ఆడోళ్లను..."

"అంతమందీ ఒకేపారి చిమ్ముతాండారు వనజా. చూడలేకపోతి."

లేచి నిలబడి మళ్లీ అన్నాడు, "ఆయమ్మకు చెప్పల్ల. ఫోన్ చేస్తాది, తిన్నావా నాయనా అంటాది. పెట్టేస్తా. ఎట్ల చెప్పేది?"

లక్ష్మీదేవి ఒకటో తేదీ వస్తోందని నేను అప్పుడు చెప్పాల్సింది. చెప్పలేదు.

నవంబర్ 22

ఆమెకు ఫోన్ చేసి రావద్దని చెప్పాలి.

నవంబర్ 24

సిగ్నల్ లేదు.

నవంబర్ 25

కార్తీక సోమవారం. ఉపవాసం. ఈ రోజు ఎవరికీ చెడ్డమాట చెప్పకూడదు.

నవంబర్ 27

చేను ముక్క తీసేశాను. రాఘవేంద్ర సార్ ఎర్రబడ్డాడు. "అది తీసేస్తే ఇంకేముంటాది మేడమ్, ట్యూబు ట్యాంకు తప్ప? శాలువా కూడా తెప్పిస్తినే!" అన్నాడు. ఇంటివాళ్లు వద్దన్నారు సార్ అన్నాను. "ఇంట్లో అడిగి తీయల్ల కదా ముందే" అన్నాడు. ఉన్నమాటే అన్నాడు, ఉలుకు నాకు వచ్చింది. గట్టిగా అరిచాను. చేను ముక్కకు లహరి చదివిన గొంతు కూడా ఫోన్‌లోంచి తుడిచేశాను.

అయితే లక్ష్మీదేవి ఇంక వచ్చే పనేముంది? ఫోన్ చేసి సినిమాలో పేరు లేదమ్మా అంటే అయిపోతుంది. ఫోన్ చేతిలో పట్టుకుని కూర్చున్నాను.

ఆమెకు తెలుసుకునే హక్కు ఉంది. కన్నతల్లి. దాచడానికి నేనెవరు? ఇది నా స్వార్థం కాదు.

నవంబర్ 29

ఆయన అన్నం సగంలో వదిలేశాడు. ఆమె వస్తుందని అత్తకు కూడా చెప్పలేదు.

డిసెంబర్ 1, ఆదివారం

మొదటి బస్సుకే వచ్చింది. నేను స్టాపులో నిలబడి ఉన్నాను. బక్కపలచటి మనిషి, చేతిలో గుడ్డ సంచి, దాంట్లో ఆయన కోసం బెల్లం పెట్టి చేసిన కొర్రబియ్యం లడ్లు. "బడి యాడ తల్లీ?" అంది. ముందు ఇంటికి పోదామన్నాను.

ఆయన చేలోనే ఉన్నాడు. ఆమెను చూసి మోకాళ్ల మీద లేచాడు. నా వైపు చూసిన చూపు నేను రాయను. అది నాకు రావలసిందే.

"ఎట్ల చిక్కిపోయినావు నాయనా" అని ఆమె పక్కనే మట్టిలో చతికిలబడింది. సున్నం చుక్కలు చూసి "ఇదేంది, ముగ్గు ఏస్తాండావా?" అని నవ్వింది కూడా.

చెప్పాడు. నాతో చెప్పినట్టే, ఒక్క మాట తగ్గించకుండా. ఆట సంగతి, చప్పట్ల సంగతి, మణికట్టు సంగతి. చెప్పినంతసేపూ ఆమె కదల్లేదు. నేను గట్టు మీద నిలబడి ఉన్నాను. తిడుతుందనుకున్నాను, మన్ను ఎత్తి పోస్తుందనుకున్నాను. తిడితే బాగుండుననే అనుకున్నాను. ఆయనకు కావలసింది అదే.

"ఎట్ల తిప్పినాడు? చూపీ" అంది.

"వద్దమ్మా."

"చూపీ నాయనా."

ఆయన పుల్ల తీసుకున్నాడు. నేలలో పొడిచి, తగిలినచోట మణికట్టు తిప్పాడు. కాయ మట్టిలోంచి ఎగిరి ఆమె ఒళ్లో పడింది. ఆమె ఆ కాయ ముట్టుకోలేదు. ఆయన మణికట్టు పట్టుకుని మళ్లీ తిప్పి చూసింది, ఇటూ అటూ, నెమ్మదిగా.

"ఇది నువ్వు నేర్పింది కాదప్పా" అంది.

"నేనే ఆట..."

"నువ్వు నేర్పకముందే వచ్చు వానికి. నేను నేర్పిచ్చినా. పరిగెకు పోతే పదిమంది ఉంటారు ఒక సాలులో. కాయ తగిలినాక తడుముకుంటా కూర్చుంటే పక్కామె కొడవలి వస్తాది. తగిలిందా, చిమ్ము, ఆలోచన చేయొద్దురా అని వాని చేతి మింద కొట్టి నేర్పిచ్చినా. పసివోడు, ఏడ్చేవాడు. ఆగితే కొట్టేదాన్ని."

ఆయన "అమ్మా, నీ తప్పు కాదు" అన్నాడు. ఆమె విన్నదో లేదో తెలియదు. తన కుడి చెయ్యి తెరిచి అరచేతిలోకి చూసుకుంటూ కూర్చుంది. ఆయన ఏడ్చాడు. ఏడాదిలో మొదటిసారి. బిడ్డలాగా ఆమె మోకాళ్ల మీద తల పెట్టుకుని ఏడ్చాడు. ఆమె ఎడమ చేత్తో తల నిమిరింది.

బడికి రానంది. అన్నం వద్దంది. "పేరు యాడా పెట్టొద్దు తల్లీ, వాని పేరు" అని మాత్రం నాతో అంది. మధ్యాహ్నం బస్సు ఎక్కించాను. ఆ ఎండలో ఆమెకు మంచినీళ్ల సీసా కొనివ్వాలన్న ఆలోచన కూడా బస్సు పోయినాకే వచ్చింది నాకు.

డిసెంబర్ 4

ఆయన తెల్లారేదాకా నిద్రపోయాడు. ఒళ్లు తెలియకుండా, గురక పెట్టి. అత్త గడప దగ్గర కూర్చుని ఆ గురక వింటూ దండం పెట్టుకుంది.

డిసెంబర్ 6

ఆయనే ఇంటింటికీ పోయి పరిగె ఆడవాళ్లను పిలుచుకొచ్చాడు. పెద్దామె "ఇప్పుడు గుర్తొచ్చిందా అప్పా ధర్మం?" అని దెప్పింది. ఆయన నవ్వి "తప్పయిందక్కా" అన్నాడు. సున్నం చుక్కలు చూపించాడు. వాళ్లకు శ్రమ లేకపోయింది, చుక్క ఉన్నచోటల్లా కాయ. "మిలిట్రీ పరిగె బాగుందిరా" అని నవ్వుకుంటూ ఏరుకున్నారు. ఆయన గట్టు మీద కూర్చుని చివరి కాయ దాకా చూశాడు.

నాకు సంతోషంగా ఉంది. ఎంత సంతోషంగా ఉందో రాయడానికి భయంగా ఉంది.

డిసెంబర్ 9

మా ఫిల్ముకు ప్రోత్సాహక బహుమతి. ట్యూబుల ట్యాంకు జడ్జీలకు నచ్చిందట. రాఘవేంద్ర సార్ నాతో ఇంకా సరిగ్గా మాట్లాడడం లేదు. లహరి ఊరంతా సర్టిఫికెట్ చూపించింది.

లక్ష్మీదేవికి మూడుసార్లు ఫోన్ చేశాను. ఎత్తలేదు.

డిసెంబర్ 12, గురువారం

ఈ రోజు ఎత్తింది ఆమె కూతురు, రేఖ.

"అక్కా, మీ ఊరికి పోయొచ్చినాక అమ్మ అదోమాదిరిగా ఉండాది. పరిగెకు పోవడం మానుకునింది. కుడి చేత్తో ఏం ముట్టదు. అన్నం ఎడమ చేత్తో తింటాది. ఊరోళ్లు చూస్తాండారు, ఏమాయె నీకంటే చెప్పదు. నేను కలిపి నోట్లో పెడితే నా చెయ్యి తోసేసింది. ఆడ ఏం జరిగిందక్కా?"

ఏం జరగలేదమ్మా, బస్సు ప్రయాణానికి అలిసిపోయి ఉంటుంది అన్నాను. ఎంత తొందరగా వచ్చింది ఆ అబద్ధం నా నోటికి.

నేను పిలవకపోతే ఆమె వచ్చేది కాదు. రావద్దని చెప్పడానికి నాకు పది రోజులు ఉన్నాయి. ఆయన బరువు దిగాలి, అంతే నాకు కావలసింది. ఎవరి నెత్తిన దిగుతుందో ఆలోచించలేదు. లేదు, ఆలోచించాను. సిగ్నల్ లేదని రాసిన రోజు సిగ్నల్ ఉంది.

ఫోన్ పెట్టి వెనక్కి తిరిగితే ఆయన నిలబడి ఉన్నాడు. తల దువ్వుకుని, చొక్కా వేసుకుని, రాయదుర్గం పోయి వస్తానని బయలుదేరుతున్నాడు. మొహం కడిగిన అద్దంలాగా ఉంది. పెళ్లయిన కొత్తలో ఇట్లా ఉండేవాడు.

"లక్ష్మీదేవమ్మేనా? ఎట్లుండాది?"

"బాగుండాది" అన్నాను. "నువ్వు తింటాండావా అని అడిగింది."